పోలండ్ సారు ఆఖరి నాటకం

కువైట్ సిటీలో ఒక హాల్లో నాటకానికి సెట్టు కట్టడానికి మా కోనసీమ వడ్రంగుల్ని పిలిచారు. రెండువేల సంవత్సరం దాటిన కొత్తల్లో మాట. దర్శకుడు పోలండ్ దేశస్థుడు, డెబ్బై దాటిన మనిషి. మేం సారు అనేవాళ్ళం. మహా చిరాకు. కిటికీ బెత్తెడు పక్కకి జరిగితే చాలు, మొత్తం విప్పించేవాడు. నేనూ తక్కువ తినలేదు, తెలుగులో తిట్టుకుంటూ విప్పేవాణ్ణి.

అయినా ఆయనంటే నాకు ఇష్టం. స్టేజి ఎక్కేముందు మేం చెప్పులు విడిచి, చెక్కని తాకి కళ్ళకద్దుకోవడం చూసి, మర్నాటి నుంచి ఆయనా బూట్లు విప్పడం మొదలుపెట్టాడు. టీ తాగేటప్పుడు వచ్చీరాని ఇంగ్లీషులో తన సంగతులు చెప్పేవాడు. కుర్రతనంలో నాటకాలు, తరవాత సినిమాలు, బహుమతులు, పేపర్లలో ఫోటోలు. ఆ పైన రోజులు మారాయి, కొత్తవాళ్ళు వచ్చారు, ఈయన్ని పిలిచేవాళ్ళు లేకుండా పోయారు. ఎవరో అడిగితే ఇక్కడికొచ్చాడు.

“ఇది నా ఆఖరిది. జనం చూడాలి,” అన్నాడు నాతో.

ఇంకో వారంలో ప్రదర్శన అనగా డబ్బు పెట్టే పెద్దమనిషి చేతులెత్తేశాడు. మేనేజరు వచ్చి, “ఖలాస్. రేపు సెట్టు పీకేయండి,” అని వెళ్ళిపోయాడు. సారు లేచి నటుల్ని వేషాలు కట్టుకోమన్నాడు. మమ్మల్ని, రంగులవాళ్ళని, ఊడ్చేవాళ్ళని ముందు వరసలో కూర్చోబెట్టాడు.

నాటకం అరబ్బీలో. ముత్యాల కోసం సముద్రంలోకి వెళ్ళిన కొడుకు తిరిగి రాడు. ముసలి తండ్రి ఒడ్డునే ఎదురుచూసి ప్రాణం వదులుతాడు. ఆ ముసలాడు ఏదో చెబుతూ ఒరిగిపోయాడు. పక్కనున్న మా ఊరి బాబాయ్ ఉండబట్టలేక లేచి, “వన్స్ మోర్!” అని కేకేశాడు. పైగా ఈల.

చచ్చిపడిన నటుడు తలెత్తి గుడ్లురిమాడు. వెక్కిరిస్తున్నామనుకున్నాడు. సారు మొహం కందగడ్డలా అయింది.

“పరువు తీత్తావేంటి బాబాయ్!” అని కసిరాను.

“నువ్వూరుకోరా. బాగుంటే మనూళ్ళో అడగట్లేదేంటి?” అన్నాడాయన.

పరిగెత్తుకెళ్ళి సారుకి చెప్పాను. మా నాటకాల్లో బాగుంటే జనం మళ్ళీ అడుగుతారని, చచ్చిన పాత్రయినా లేచి మళ్ళీ చావాల్సిందేనని.

“ఇన్నేళ్ళలో అందరూ చప్పట్లు కొట్టారు. మళ్ళీ కావాలని ఎవరూ అడగలేదు,” అన్నాడు సారు. నటుడి వైపు తిరిగి, “యల్లా, కానివ్వు, మళ్ళీ,” అన్నాడు.

ముసలాడు మళ్ళీ చచ్చిపోయాడు. ఈసారి అందరం ఏడ్చాం, సారుతో సహా.

మర్నాడు మేం కట్టిన సెట్టు మా చేతులతోనే పీకాం. చాలా బాధనిపించింది. సారు రాలేదు. కొన్నాళ్ళకి దేశం వెళ్ళిపోయాడు. అక్కడే కాలం చేశాడని మేనేజరు చెప్పాడు. ఆయన సినిమాలైనా ఎక్కడో పెట్టెల్లో ఉంటాయి. ఈ నాటకానికి ఒక్క ఫోటో లేదు. చూసినవాళ్ళలో బాబాయ్ పోయాడు. మిగతావాళ్ళు ఎటెళ్ళారో తెలియదు. ఆ ముసలాడి చివరి మాటలు నాకొచ్చిన కాస్త అరబ్బీకి అందలేదు. అడుగుదామంటే ఇప్పుడు ఎవరూ లేరు.