మాడిసన్ అంటే ఎవరి కొడుకు?

మా తమ్ముడికి రెండోసారి కూడా ఆడపిల్లే పుట్టింది. పంతులు నక్షత్రం చూసి, మఖ మొదటి పాదం కాబట్టి 'మ'తో మొదలయ్యే పేరు పెట్టుకోమన్నాడట. ఇక ఇంటిల్లిపాదీ ఫోన్లు పట్టుకుని కూర్చున్నారు. నేను చెప్పిన పేర్లన్నీ వాడు వరసగా కొట్టిపారేశాడు. అవి రిటైరైన టీచర్ల పేర్లలా ఉన్నాయట. వాడికి కొత్త పేరు కావాలి, స్టైల్‌గా ఉండాలి, రేపు బడిలో ఇంకో పిల్లకు ఉండకూడదు.

ఒక మధ్యాహ్నం నేను డిపార్ట్‌మెంట్‌లో టిఫిన్ డబ్బా మూత తీస్తుండగా ఫోన్ చేశాడు. పేరు దొరికింది, మాడిసన్ అన్నాడు. ఇంగ్లిషులో ఇప్పటి ఆడపిల్లలకు పెట్టే పేరట. దేవుడిచ్చిన వరం అని అర్థమట, ఏదో పిల్లల పేర్ల వెబ్‌సైటులో ఉందట. పేరు పెట్టాల్సింది మేనత్తను నేనే కాబట్టి, నోరు తిరిగేలా ఇప్పటినుంచే పలకడం అలవాటు చేసుకోమని నాకే సలహా ఇచ్చాడు.

నేను క్యాంపస్‌లో ఇంగ్లిషు పాఠాలు చెప్పుకుని బతుకుతున్నదాన్ని. చివర ఆ 'సన్' వినపడగానే నా అన్నం చల్లారిపోయింది. సందేహం ఎందుకని లైబ్రరీకి వెళ్లి కూడా చూశాను. అనుకున్నట్టే అది మొదట ఇంటిపేరు. పాతకాలం ఇంగ్లండులో మాడ్ అనే ఆవిడ కొడుకునో, మాథ్యూ అనే ఆయన కొడుకునో అలా పిలిచేవారు. ఇద్దరిలో ఎవరన్నదే తేలలేదు గానీ, కొడుకన్న దాంట్లో ఎవరికీ అనుమానం లేదు. మాథ్యూ అంటే దేవుడిచ్చిన వరం. వెబ్‌సైటువాళ్లు తండ్రి పేరులోని వరాన్ని ఉంచుకుని, కొడుకును మాత్రం నొక్కేశారు. అమెరికాలో ఆ మాట వీధులకూ ఊళ్లకూ ఎక్కింది, తర్వాతెప్పుడో ఆడపిల్లలకు పెట్టడం మొదలై, కొన్నేళ్లు ఎక్కడ చూసినా అదే అయింది. ఇప్పుడు అక్కడ మోజు తగ్గింది. అక్కడ తగ్గాక రామంతాపూర్‌లోని మా తమ్ముడి ఫ్లాటుకు వచ్చింది.

ఒక పేరుకు ఇంత మంట దేనికి, పిలవడానికి బాగుంటే చాలదా అని మీరు అడగవచ్చు. మా అమ్మా అదే అడిగింది. నాకు ఎందుకు మండిందో చెప్తాను.

మా బాపు నన్ను ఎవరికి పరిచయం చేసినా, "ఇది నా బిడ్డ కాదు, నా పెద్దకొడుకు" అనేవాడు. మా వైపు బిడ్డంటే కూతురు. ఆయన ప్రేమ మీద నాకు అనుమానం లేదు. చిన్నప్పుడు ఆ మాటకు నేల మీద నడిచేదాన్ని కాదు. సిలిండర్ బుక్ చేయడం, మోటారు రిపేరు, కరెంటాఫీసు, బాపు డయాలసిస్ కోసం ఆస్పత్రి చుట్టూ తిరగడం అన్నీ పెద్దకొడుకే చేసింది. తమ్ముడికి అప్పుడు బెంగళూరులో ఉద్యోగం. బాపు పోయిన రోజు వాడు దిగేదాకా శవాన్ని ఉంచారు. కొరివి వాడి చేతికిచ్చారు. నేను వెనకాలే నడుస్తుంటే గల్లీ మలుపులో మా పెద్దనాన్న చెయ్యి అడ్డం పెట్టి, ఆడోళ్లు ఆడికి రావద్దు, ఇంటికి పో అన్నాడు. అప్పటిదాకా బాపు మాటే పట్టుకుని నన్ను కొడుకన్న చుట్టాలందరూ ఆ పక్కనే ఉన్నారు, ఒక్కరూ నోరు మెదపలేదు. చాకిరీ ఉన్నంతసేపే ఆ బిరుదు. ఆ కోపం నాకు ఇప్పటికీ చల్లారలేదు, చల్లారాలని కూడా లేదు.

పైగా ఇది మా ఇంటి జబ్బు మాత్రమే కాదు. ప్రతి ఏడూ కొత్త బ్యాచ్ రాగానే పిల్లలను లేపి వాళ్ల గురించి చెప్పమంటాను. మొన్న గుంటూరు వైపు నుంచి వచ్చిన ఒక అమ్మాయి మెరిసే మొహంతో, వాళ్ల డాడీ తనను అచ్చం అబ్బాయిలా పెంచారని చెప్పింది. అంటే ఏం చేశారమ్మా అన్నాను. చదివించారండీ, స్కూటీ నేర్పించారండీ, ఒక్కదాన్నే హాస్టల్‌కు పంపారండీ అంది. మరి అమ్మాయిలా పెంచితే ఏం చేసేవారో అడుగుదామని నోటిదాకా వచ్చింది. మొదటిరోజే పిల్లను బెదరగొట్టడం ఎందుకని ఊరుకున్నాను. బయట క్యాంటీన్ దగ్గర మంచి మార్కులు తెచ్చుకున్న అమ్మాయిని పట్టుకుని తోటివాళ్లు "నువ్వు మగాడివి బ్రో" అని భుజం చరుస్తుంటారు. ఆ పిల్ల కూడా పొంగిపోతుంది.

ఆదివారం తార్నాక నుంచి ఆటో ఎక్కి రామంతాపూర్ వెళ్లాను. పేరుకు అసలు అర్థం తెలియక పెట్టుకుంటున్నాడు, చెబితే మారుస్తాడనే నా నమ్మకం. మరదలు మంచం మీద పాపకు పాలిస్తోంది. అమ్మ పక్కన కూర్చుని పాప బట్టలు మడతపెడుతోంది. నేను లైబ్రరీలో చూసిందంతా విడమరిచి చెప్పాను. తమ్ముడు మధ్యలో అడ్డు రాకుండా విని, నవ్వాడు.

"నాకు ఎర్కేనక్కా. ఇంకో సైట్ల చూసిన. అందుకే ఇంక నచ్చింది. ఇగ మాకు పిల్లలు వద్దనుకున్నం, దీన్నే కొడుకు అనుకుంటం. బాపు నిన్ను పెద్దకొడుకు అనలేదా? నీకేమన్న తక్కువైందా?"

 ఏం తక్కువైందో వాడికి నిజంగానే తెలియదు. గల్లీ మలుపులో నన్ను ఆపినప్పుడు వాడు ముందు నడుస్తున్నాడు, కొరివి పట్టుకున్నవాడు వెనక్కి తిరిగి చూడకూడదు కదా. నీకు ఏ పేరు ఇష్టమని మరదలిని అడిగాను. ఆమె తమ్ముడి వైపు చూసి, ఆయన ఎట్లంటే అట్లనే వదినా అంది. రెండో కాన్పులో ఆడపిల్లను కన్నదానికి ఆ ఇంట్లో పేరు విషయంలో కూడా మాట చెల్లదని నాకు అర్థమైంది. ఒళ్లు మండిపోయి, టీ కూడా తాగకుండా వచ్చేశాను.

తొట్టెల ఫంక్షన్, అదే బారసాల, వాళ్ల అపార్ట్‌మెంట్ టెర్రస్ మీద పెట్టారు. షామియానా, ప్లాస్టిక్ కుర్చీలు, మైకు పట్టుకుని హడావుడి చేసే యాంకరమ్మాయి, వెనకాల ఇంగ్లిషు అక్షరాల్లో బంగారు రంగు బెలూన్లతో మాడిసన్. వచ్చినవాళ్లలో సగం మంది ఆ అక్షరాలు కూడబలుక్కుంటున్నారు. మా వైపు మేనత్త బిడ్డను తొట్టెలలో వేసి, చెవిలో పేరు చెప్పి, తర్వాత అందరికీ వినపడేలా పలకాలి. నేను వంగి ఆ చిన్న చెవి దగ్గర నోరు పెట్టాను. ఎవరి కొడుకో తెలియని ఆ పేరు నా నోటికి రాలేదు. బిడ్డా అన్నాను. మళ్లీ మళ్లీ అదే అన్నాను. అప్పుడు యాంకరమ్మాయి నా చేతికి మైకు ఇచ్చింది.

పేరు మా తమ్ముడే చెబుతాడు, వాడి ఇష్టం వాడిది, నేను వాడి గురించి ఒక మాట చెప్పాలి అన్నాను. అందరూ నా వైపు తిరిగారు.

"బాపు పోయినంక అమ్మను మా తమ్ముడే చూస్కుంటున్నడు. టైముకు మందులేస్తడు, కాళ్లు వత్తుతడు, ఆమెకు పానం బాగలేకుంటే వండిపెడతడు. వీడు మా అమ్మకు కొడుకు కాదు, బిడ్డ. వీన్ని బిడ్డ లెక్కనే పెంచినం."

ముందు వరసలో ఎవరో కిసుక్కుమన్నారు. ఆ తర్వాత నవ్వు టెర్రస్ అంతా పాకింది. తమ్ముడి ఆఫీసు స్నేహితులు ఒకరినొకరు మోచేత్తో పొడుచుకున్నారు. నేను చెప్పినదాంట్లో ఒక్క ముక్క అబద్ధం లేదు, వాడు నిజంగానే అమ్మను అంత బాగా చూసుకుంటాడు. వాడి మొహం మాత్రం మాడిపోయింది. మైకు లాక్కుని, పేరు గబగబా చెప్పేసి, తొట్టెలలోంచి పాపను ఎత్తుకుని నీళ్ల ట్యాంకు పక్కకు వెళ్లాడు. నేనూ వెనకాలే వెళ్లాను.

"నలుగురిల నా ఇజ్జత్ తీసినవక్కా" అన్నాడు. "గంత మంది ముంగట నన్ను ఆడిదాన్ని చేసినవ్."

"గదేమన్న తిట్టు మాటనా? నీ చేతుల ఉన్నదెవరు మరి?"

వాడు కిందికి చూశాడు. పాప మేలుకునే ఉంది, కళ్లు ఇంతింత చేసుకుని వాడి మొహంలోకే చూస్తోంది.