ఎస్టీడీ బూత్‌లో నా నోటుబుక్కు

థర్మల్ విద్యుత్ కేంద్రంలో పనికి వచ్చినవాళ్లు దూరాన ఉన్న ఇళ్లతో ఎలా మాట్లాడుకుంటారన్నది నా పరిశోధన. అందుకని రాయచూరు బజారులో ఒక బట్టల దుకాణం ముందున్న ఎస్టీడీ బూత్‌లో కూర్చునేదాన్ని. బూత్ నడిపేది దుకాణం పెద్దావిడ. కూర్చోనిచ్చింది కానీ నమ్మలేదు. మొదటిరోజే, "టెలిఫోనోళ్లు పంపిండ్రా, కరెంటోళ్లా?" అని అడిగింది. యూనివర్సిటీ ఉత్తరం చూపిస్తే దాని మీది ముద్రను గోటితో గీకి చూసింది.

నేను ఎవరితో మాట కలిపినా ఆమె వచ్చి పక్కనే తానులు మడతపెట్టడం మొదలుపెట్టేది. నేను పెన్ను తీస్తే ఆమె చేతులు ఆగిపోయేవి.

ఒక ఆదివారం బూత్ ఖాళీ అయ్యాక నా ఎదురుగా స్టూలు వేసుకుంది.

"ఇంగ్లీషుల రాస్తవు, నాకు రాదని. ఏం రాసినవో తెలుగుల చెప్పు. అంతా చెప్పాలె."

చెప్పాను. ఎవరు ఎంతసేపు మాట్లాడారు, ఎవరు గొంతు పెంచారు, ఇవే. విద్యుత్ కేంద్రం క్యాంటీన్‌లో పనిచేసే ఆయన సంగతి దగ్గర నన్ను ఆపింది. ఆయన ప్రతి ఆదివారం ఒకే నంబరుకు చేస్తాడనీ, అవతల ఎవరూ ఎత్తకపోయినా కాసేపు మాట్లాడి పెట్టేస్తాడనీ రాసుకున్నాను.

"ఎత్తలేదని నీకెట్ల తెలుసు?"

"ఎత్తితేనే కదా బిల్లు మీటరు తిరిగేది, తిరగలేదు పెద్దమ్మా."

"నాకూ కనబడ్తది, నాలుగేండ్ల సంది. మా ఇంట్ల సుత చెప్పలే నేను. నువ్వు పుస్తకంల ఎక్కిస్తవా? చింపు."

చింపి చేతికిచ్చాను.

"ఇంకో కాపీ లేదు గదా?"

"లేదు."

అబద్ధం. అంతకుముందు వారమే ఆ సంగతి తిరగరాసి యూనివర్సిటీలో నా పరిశోధన చూసే గైడుకు పోస్టు చేశాను. ఆమె నా ముఖం చూసి, "రేపటి సంది బయట బెంచి మీద కూసో" అంది.

గైడుకు అదే అన్నిటికన్నా నచ్చింది. తీసేస్తానంటే, పేరు లేదు కదా, ఎవరికి తెలుస్తుంది అని జవాబు రాశారు. నాకు మాత్రం స్టూలు మీద కూర్చున్న ఆవిడే కనిపించేది. చివరికి తీసేశాను. కొన్నేళ్లకు పుస్తకం అచ్చయితే ఒక ప్రతి తీసుకుని వెళ్లాను. కాపీ దాచిన సంగతి కూడా చెప్పేశాను.

"అప్పుడే తెలుసు" అంది. "మరి ఇందుల లేదని ఎట్ల నమ్మాలె?"

కాలేజీలో చదివే మనవరాలిని పిలిచి పుస్తకం చేతికిచ్చింది. "మొత్తం చదివి చెప్పు."

నా బస్సు వేళకు ఆ అమ్మాయి ఇంకా మొదటి అధ్యాయంలోనే ఉంది. పెద్దమ్మ టీ తెప్పించింది. నమ్మానని మాత్రం అనలేదు.