ఆ డిస్కు ఇచ్చింది నేనే

వానలకు చెమ్మెక్కిన అట్టపెట్టె మొన్న తెరిస్తే పాత సినిమా డిస్కుల కవర్ల పుల్లటి ప్లాస్టిక్ వాసన వచ్చింది. రాయపూర్‌లో మోవా అనే పేటలో ఆనందరావు గారి డిస్కుల కొట్టు వాసన అదే. ఆ ఊరు కొత్త రాష్ట్రానికి రాజధాని అయిన రోజుల్లో నేను అక్కడ పనిచేశాను. రైల్వేలో రిటైరై కొట్టు పెట్టిన ఆయనకు ఒక రకం భయం సినిమాల పిచ్చి. మంచులోనో అడవిలోనో ఒంటరి ఇల్లు, ఒక కుటుంబం, మెల్లగా కమ్ముకొచ్చే కీడు. మధ్యాహ్నాలు బేరం లేనప్పుడు నన్ను పక్కన కూర్చోబెట్టుకునేవారు. నేను ఆవలిస్తే, "భూత్ కబ్ ఆయేగా, దయ్యం ఎప్పుడొస్తుందా అని చూడకురా. ఆ ఇంట్లో అంతా తెలిసీ నోరు విప్పనోణ్ణి చూడు," అనేవారు. మనుషుల్ని గమనించడం నాకు అలా అలవాటైంది.

ఆ సినిమాలు అద్దెకిచ్చే ముందు, "ఇంట్లో ఎవరెవరున్నారమ్మా?" అని అడిగేవారు. పిల్లలుంటే ఇచ్చేవారు కాదు. ఒక శనివారం ఆయన లేనప్పుడు మా చర్చి సంఘంలోని, ఆసుపత్రిలో నర్సుగా చేసే ఒకామె వచ్చింది. రద్దీగా ఉంది. అడక్కుండా ఇచ్చేశాను. ఆమె డ్యూటీకి వెళ్లాక తొమ్మిదేళ్ల కూతురు ఆ డిస్కు పెట్టుకుని ఒంటరిగా చూసింది. అందులో తల్లే పిల్లల్ని చంపుతుంది. నెలరోజులు ఆ పిల్ల కన్నతల్లి చేతి ముద్ద తినలేదు.

సంఘపెద్దలు ఆనందరావు గారినీ నన్నూ పిలిపించారు. పై నెలలో ఆ చర్చిలోనే నా పెళ్లి. "ఆయన ఇమ్మంటేనే ఇచ్చానండీ," అన్నాను. ఆనందరావు గారు నావైపు చూసి, "కొట్టు నాది," అన్నారు. తప్పు ఒప్పుకుని క్షమాపణ అడిగేదాకా, నెలనెలా రొట్టె, ద్రాక్షారసం పంచే ప్రభువు బల్లకు ఆయన్ని దూరం పెట్టారు.

బయటికొచ్చాక, "ఒక్క మాట అడిగేస్తే అయిపోతుంది కదండీ," అన్నాను సిగ్గు లేకుండా.

"చెయ్యనిదానికి దేవుడి ముందు ఏమని అడగనురా? చల్, బండి తియ్యి."

నా పేరు మాత్రం ఎక్కడా ఎత్తలేదు. పదకొండేళ్లు వెనక బెంచీలో కూర్చున్నారు. పళ్లెం ఆయన్ని దాటి నా దగ్గరికొచ్చేది. తీసుకునేవాణ్ణి. ఆసుపత్రిలో చివరిసారి ఆయన కాళ్లు పట్టుకుంటే, "నాకెందుకు చెప్తావ్? నాకు తెల్సు కదా. అక్కడ, సంఘం ముందు చెప్పు," అన్నారు.

చెప్పలేదు. ఇది రాయడానికి ఇన్నేళ్లు పట్టింది. ఈ ఆదివారం సంఘం ముందు చదవమని పాస్టరు గారికి ఇస్తున్నాను. ఆనందరావు గారి భార్య ముందు వరుసలో ఉంటారు. "మా ఆయన చేతికింద పెరిగినోడు," అంటూ ఆమె ఇప్పటికీ నన్ను కొడుకా అనే పిలుస్తారు.