మూడో పిలుపు

మదనపల్లె కోర్టులో వాయిదాకు వచ్చినవాళ్ళను పేరుపెట్టి పిలవడం నా పని. మరిది తీర్చని అప్పుకు తన ఇల్లు జప్తు చేయొద్దని పుంగనూరు నుంచి ఒక పెద్దామె వచ్చేది. గుమ్మం పక్కనే కూర్చుని కూడా, మూడోసారి పిలిస్తేగాని "ఉండానప్పా" అని లేచేది కాదు. గొంతు చించుకునే నాకు ఒళ్ళు మండేది.

చివరికి ఇల్లు ఆమెదేనని తీర్పొచ్చింది. తర్వాతి సోమవారం చూస్తే, మళ్ళీ అక్కడే కూర్చుని ఉంది.

"కేసు అయిపాయ గదమ్మా, మళ్ళా యాల వచ్చినావు?"

"మా ఆయన పోయినాక నన్ను పేరుపెట్టి పిలిసేవాళ్ళు ఎవురుండారప్పా? అందుకే నువ్వు మూడుసార్లు పిలిసేదాకా పలికేదాన్ని కాదు."

ఆ రోజు జాబితాలో ఆమె పేరు లేదు. అయినా గుమ్మంలో నిలబడి గొంతెత్తి పిలిచాను.

మూడోసారికి పలికింది.