తెర దిగినప్పుడు వెలిగిన లైటు

హార్ట్‌ముట్ లెంజ్ కెమెరామన్‌గా తీసిన చివరి సినిమాలో ఆయన పేరు లేదు. షూటింగ్ ఇంకో వారం ఉందనగా క్రేన్ మీంచి పడి తుంటి విరగ్గొట్టుకున్నాడు. ఆ వారం దర్శకుడి బావమరిది కెమెరా పట్టాడు. తెర మీద బావమరిది పేరొక్కటే పడింది. ఫొటోగ్రఫీకి బహుమతి వస్తే వేదిక ఎక్కిందీ అతనే. లెంజ్ అది టీవీలో చూశాడు. నేనైతే టీవీ పగలగొట్టేవాణ్ణి. ఆయన కట్టేసి కాఫీ పెట్టుకున్నాడట.

మ్యూనిక్‌లో కెమెరా పెట్టెలు మోయడంతో మొదలుపెట్టి, సొంతంగా రెండు సినిమాలు తీసి, ఆపైన అమెరికా వచ్చిన మనిషి. పేరు పోయాక పిలిచేవాళ్లూ పోయారు. భార్య ఉద్యోగం వెంట మా ఊరు ప్లేనో చేరాడు. పక్కింటి తెలుగు పాప పుట్టినరోజు ఊరికే తీసిపెట్టిన నాటి నుంచి మా ఫంక్షన్లన్నిటికీ ఆయనే 'జర్మన్ అంకుల్'. ఆయనకొచ్చిన తెలుగంతా "కొంచెం పక్కకి జరగండి".

ఆయన తీసిన వీడియోలు నేను ఎడిట్ చేసేవాణ్ణి. పేరు వేద్దామంటే వద్దనేవాడు. కానీ ఎవరి సినిమాకి వెళ్లినా, ఆఖరి పేరు పడేదాకా కుర్చీలోంచి లేచేవాడు కాదు.

తెలిసినవాళ్లమ్మాయి వర్ష పెళ్లిలో వధూవరుల మధ్య అడ్డుతెర పట్టారు. తెల్లటి బట్ట చూడగానే ఆయనకి ప్రాణం లేచొచ్చింది. వరుడి వెనక లైటు పెట్టాడు. బట్ట మీద నీడ, ముక్కూ తలపాగాతో సహా, నిండుగా పడింది.

"ఎవరయ్యా ఆ లైటు? ముహూర్తం కాకుండానే పిల్లకి పెళ్లికొడుకుని చూపించేస్తున్నారు," అన్నారు పంతులుగారు.

"పోనీలెండి పంతులుగారూ, ఆరు నెలల్నుంచి వీడియో కాల్‌లో చూస్తూనే ఉన్నా," అంది వర్ష.

"నువ్వు తల దించమ్మా. అంకుల్, లైట్ ఆఫ్ చేయండి ప్లీజ్," అన్నాడు వాళ్ల నాన్న పాపయ్య.

తెర ఎందుకో, పంతులుగారు ఏమన్నారో నేను లెంజ్ చెవిలో చెప్పాను. ఆయన సిగ్గుపడి లైటు ఆర్పేశాడు. తర్వాత కదల్లేదు, చెయ్యి మాత్రం లైటు మీట మీదే ఉంచాడు. ముహూర్తానికి తెర దిగుతుంటే, దాంతోపాటే లైటు మెల్లిగా పెంచాడు. వర్ష తల ఎత్తేసరికి ఆ వెలుగు ఆమె కళ్లలోకి వచ్చింది.

మావాళ్లకి పెళ్లి వీడియో అంటే నగల ప్రదర్శన. పక్క ఊరు ఫ్రిస్కోలో వర్ష వాళ్లింట్లో వేసి చూస్తున్నప్పుడు పాపయ్య గొణిగాడు, "హారం చీకట్లో పడిపోయిందయ్యా."

"నాన్నా, నా మొహం చూడు," అంది వర్ష. ఆయన చూశాడు. ఇంకోసారి వెయ్యమన్నాడు.

చివర, ఎవరినీ అడక్కుండా నేను వేసిన అక్షరాలు వచ్చాయి: ఛాయాగ్రహణం, హార్ట్‌ముట్ లెంజ్.

భార్య పోయాక ఆయన ఎక్కడో దూరాన ట్రాయ్ అనే ఊళ్లో ఉన్న కూతురి దగ్గరికి వెళ్లిపోతూ నన్ను పిలిచాడు. అట్టపెట్టెల మధ్య కూర్చుని లాప్‌టాప్‌లో ఆ చివరి ముక్క చూశాడు. తనకి చదవడం రాని ఆ అక్షరాల మీద వేలు పెట్టాడు.

"ఇది నేనా?"

"మీరే."

ఆ ముక్క ఇంకోసారి వేసుకున్నాడు.

"పంతులుగారి పేరేంటో కనుక్కుని నా పక్కన వెయ్యి," అన్నాడు. "ఆయన లైటు ఆర్పించబట్టే కదా ఆ వెలుగొచ్చింది."