శ్రీధరరావు రాసిన కేబుల్ పుస్తకం

కేబుల్ టీవీ చట్టం వచ్చిన మరుసటి వర్షాకాలంలో బైలాడిలా కొండల కింద ఇనుప గనుల టౌన్‌షిప్‌కు నాకు బదిలీ అయింది. కమ్యూనికేషన్ విభాగంలో అసిస్టెంట్ ఇంజనీరు ఉద్యోగం. అప్పటికి ఛత్తీస్‌గఢ్ ఏర్పడలేదు, బస్తర్ అంతా మధ్యప్రదేశ్‌లోనే ఉండేది. గని టెలిఫోన్లు, వైర్‌లెస్ సెట్లతోపాటు క్వార్టర్లకు వెళ్లే కేబుల్ టీవీని కూడా మా విభాగమే చూసేది. డిష్‌లు పట్టిన సిగ్నళ్లన్నీ ఒక గదిలో కలిసి తీగలోకి ఎక్కుతాయి. దాన్ని హెడ్ ఎండ్ అంటారు. ఆ గదికి ఇన్‌చార్జిని నేనే.

ఆ రోజుల్లో సుక్మా, దోర్నపాల్, కోంటా బజార్లలో ఎవరికి వారే డిష్ పెట్టి ఇళ్లకు తీగలు లాగుతున్నారు. కొత్త చట్టం ప్రకారం ఆపరేటరు పోస్టాఫీసులో రిజిస్టరు చేయించుకోవాలి, దూరదర్శన్ ఛానెళ్లు తప్పకుండా చూపాలి. ఇవేవీ తెలియక వాళ్లు మా గుమ్మంలో నిలబడేవాళ్లు. నేను విసుక్కోకుండా చెప్పేవాణ్ణి. అందుకే, చట్టమూ సాంకేతిక పద్ధతులూ కలిపి హిందీలో, తెలుగులో ఒక కరదీపిక వేయాలని మా చీఫ్ నిర్ణయించినప్పుడు ఆ పని నాకే వస్తుందనుకున్నాను. అధ్యాయాలకు పేర్లు కూడా ఆలోచించి పెట్టుకున్నాను.

వచ్చింది శ్రీధరరావుకు. ఇద్దరిదీ ఒకే హోదా, ఉద్యోగంలో నాకంటే వెనక చేరాడు. విజయనగరం మనిషి, మాట తీపి. క్లబ్బులో ఆయన ప్రసంగం ఉందంటే కుర్చీలు చాలేవి కావు. ఆయన భాష బాగుంటుందని, నన్ను ప్రూఫులు చూడమని చీఫ్ హిందీలో చెప్పారు. పుస్తకం పనికని ఆయన పేరు మీద ఒక జీపు కూడా కేటాయించారు. నేను సైకిల్ మీద లైన్ తనిఖీకి పోతుంటే ఆ జీపు నా పక్కన ఆగేది. "రండి గురువుగారూ, దింపుతాను" అనేవాడు. అందులో ఎగతాళి ఉండేది కాదు. ఉంటే నాకు కొంత సుఖంగా ఉండేది.

గిట్టని వియ్యంకుడి ఇంట భోజనానికి కూర్చున్నవాడు అన్నంలో రాయి కోసం చూసినట్టు ఆ రాతప్రతి చదివాను. చాలాసేపు ఏమీ దొరకలేదు. దూరం పోయేకొద్దీ నీరసించే సిగ్నల్‌కు బలమిచ్చే పెట్టెను యాంప్లిఫయర్ అంటారు. దాని గురించి ఆయన రాసిన పేజీ నేను రాసినా అంత తేటగా వచ్చేది కాదు. అదే మరీ కష్టంగా అనిపించింది.

స్తంభాల అధ్యాయంలో దొరికింది. కేబుల్, కరెంటు తీగ రెండూ ఒకే స్తంభం మీద పోయేచోట "కేబుల్‌కు దిగువన విద్యుత్ తీగ ఉండవలెను" అని రాశాడు. ఉండవలసింది దానికి తలకిందులుగా. కేబుల్ ఎప్పుడూ కరెంటు తీగకు కిందే ఉండాలి. పైన ఉన్న కేబుల్ గాలికి తెగి కరెంటు తీగ మీద పడితే, ఆ కరెంటు కేబుల్ వెంట ఇళ్లలోకి పోతుంది. హిందీ ప్రతిలో సరిగ్గానే ఉంది. తెలుగులో వాక్యాన్ని అందంగా తిప్పబోయి తిరగేశాడు. చీఫ్‌కు తెలుగు చదవడం రాదు.

నాకు పండుగలా అనిపించింది. సమీక్షా సమావేశంలో చీఫ్ ఎదుటే ఆ పేజీ తెరవాలనుకున్నాను.

మర్నాడు పొద్దున దోర్నపాల్ నుంచి రాములమ్మ వచ్చింది. బట్టల కొట్టు నడుపుతూ కేబుల్ కూడా పెట్టిన మనిషి. యాంప్లిఫయర్ ఎక్కడ దొరుకుతుందో అడగడానికి వచ్చింది.

"లైన్ ఏసుడు అయిపోయింది సారూ. బజారు దాటినం. రావు సారు బుక్కు చూసుకుంటనే ఏసినం" అంది.

"పుస్తకం ఇంకా అచ్చు కాలేదు కదా?"

"ఛాపా కాలేదు, టైపు కొట్టిన కాయితాలిచ్చిండు. పైనుంచి ఏస్తుంటె బిజిలీ లైన్‌మన్ వద్దన్నడు. బుక్కుల సాఫ్ రాసున్నది, నువ్వేంది చెప్పేది అన్న. చదివి ఊకున్నడు."

సమావేశం సంగతి వదిలేసి శ్రీధరరావు గదికి పరుగెత్తాను. ఆ వాక్యం చూపించగానే ఆయన మొహం పాలిపోయింది. దోర్నపాల్‌కు ఫోను కలవలేదు. ఆయన జీపులోనే రాములమ్మను ఎక్కించుకుని బయలుదేరాం. దారంతా గాలీ వానా. "మీరు చూడకపోతే ఏమయ్యేది గురువుగారూ" అన్నాడు ఒకసారి.

బజారు మలుపులో కేబుల్ సాగి, కరెంటు తీగకు జానెడు ఎత్తున ఊగుతోంది. ముందు లైన్‌మన్‌ను పిలిపించి ట్రాన్స్‌ఫార్మర్ దగ్గర ఫ్యూజులు తీయించాం. తీగలను భూమికి కలిపించాం. ఆ తరువాతే నిచ్చెన వేయనిచ్చాను. కేబుల్‌ను దించి, కింది కొక్కేలకు మార్పిస్తూ స్తంభం స్తంభానికీ నేను తడుస్తూ తిరిగాను.

ఇంతలో శ్రీధరరావు మూగిన జనం ముందుకు వెళ్లాడు. తప్పు పుస్తకంలో ఉందని, రాసింది తానేనని, లైన్‌మన్ చెప్పిందే సరైనదని అందరికీ వినబడేలా చెప్పి ఆ లైన్‌మన్‌కు చేతులు జోడించాడు.

"గంత పెద్ద సారు తప్పు నాదన్నడు చూడుండ్రి! బుక్కు రాస్తె ఇసుంటోడే రాయాలె" అంది రాములమ్మ. చాయ్ కూడా ముందు ఆయనకే అందింది.

తప్పు పట్టింది నేను, గౌరవం పెరిగింది ఆయనకు. తడిసిన చొక్కాతో నిచ్చెన పక్కన నిలబడి ఆయన క్షమాపణ మీద కూడా అసూయపడ్డాను.

చీఫ్‌కు కూడా ఆయనే అంతా చెప్పాడు. చీఫ్ ఆయన నిజాయితీని మెచ్చుకున్నారు. పంచిన కాయితాలన్నీ వెనక్కి తెప్పించి, సరిదిద్ది పుస్తకం అచ్చు వేయించారు. అట్ట మీద ఆయన పేరు, లోపల ప్రూఫులు దిద్దినవాడిగా నా పేరు. జరిగిందంతా ముందుమాటలో రాస్తానని ఆయన అంటే నేనే వద్దన్నాను. ఆయన దయతో పెద్దవాణ్ణి కావడం నాకిష్టం లేకపోయింది.

తరువాతి కాలంలో విభాగం నా చేతికి వచ్చాక ఇలాంటి పుస్తకాలు మరికొన్ని వేయించాను. ప్రతి రాతప్రతినీ రచయిత స్నేహితుడికి కాక, దాన్ని తానే రాయాలని ఆశపడి భంగపడ్డవాడికి తనిఖీకి ఇచ్చాను. స్నేహితుడు రచయిత ఏమనుకున్నాడో ఊహించుకుంటూ చదువుతాడు. కడుపుమంట ఉన్నవాడు కాగితం మీద ఏముందో అది చదువుతాడు. లైన్ వేసేవాళ్ల చేతికి వెళ్లేది కాగితం మీద ఉన్నదే.