చెయ్యి తియ్యండి మహాప్రభో

ముప్పై ఏళ్లుగా ఆవిడ చేసిన ఉద్యోగం ఒక్కటే: కెమెరా బటన్ నొక్కడం. మొగుడు మట్టిబొమ్మను వెంట్రుకవాసి కదిపేవాడు, ఈవిడ ఫొటో తీసేది. మళ్లీ కదిపేవాడు, మళ్లీ తీసేది. రోజంతా చచ్చీచెడీ తీస్తే సినిమాలో ఆ బొమ్మ నాలుగడుగులు వేసేది.

ఆయనకేమో కదిపాక చెయ్యి వెనక్కి తీసుకోవాలన్న ధ్యాసే ఉండదు. "చెయ్యి తియ్యండి మహాప్రభో!" అని అరిచి అరిచి ఈవిడ గొంతు బొంగురుపోయింది. అయినా ప్రతి సినిమాలోనూ ఎక్కడో ఒకచోట ఆ బండచెయ్యి తగలడేది. వెతికి ఆ ఫొటోను పీకి పారేసే పని కూడా ఈవిడదే.

ఉన్న మట్టంతా కలిపితే బకెట్టెడు. నూనె కలిపిన మట్టి, ఎన్నేళ్లయినా ఎండదు. ఒక సినిమా అవగానే బొమ్మల్ని నలిపి, ఆ ముద్దతోనే కొత్తవి చేసేవాడు. రాజులూ, కుక్కలూ, ఓసారి పోట్లాటయ్యాక అచ్చం ఈవిడలాంటి రాక్షసీ, అన్నీ ఆ బకెట్లోంచే. రాక్షసిని నలిపేటప్పుడు మాత్రం మహానుభావుడు ఈల కూడా వేశాడు.

చివరి సినిమాలో ఓ ముసలాయన నలిగి ముద్దయిపోతాడు, ఆ ముద్దలోంచి కోడిపిల్ల పుడుతుంది. ముసలాయనకు తన బట్టతలే పెట్టాడు. నెత్తిమీద ఆయన బొటనవేలి ముద్ర అలాగే ఉండిపోయింది. కోడిపిల్ల దాకా రాకుండానే గుండె ఆగి పోయాడు.

రెండు నెలలు ఆవిడ ఆ బొమ్మ జోలికి ఎవర్నీ రానివ్వలేదు. నలిపితే ఆ వేలిముద్ర పోతుంది. నలపకపోతే మూడేళ్లు తీసిన సినిమా అటకెక్కుతుంది.

"వేరే మట్టితో ఇంకో నాన్నను చేద్దామా అమ్మా?" అంది కూతురు.

"నీ మొహం! ఉన్న ఒక్కడితోనే వేగలేక చచ్చాను. పద, కెమెరా దగ్గర నువ్వుండు."

ముందు ముక్కు నొక్కింది. కూతురు ఫొటో తీసింది. తర్వాత చెవులు, భుజాలు. "నేను రాక్షసినా? చెప్తా మీ పని!" అంటూ తిడుతూనే ఉంది, ఏడుస్తూనే ఉంది. ఆఖరికి తల మిగిలింది. దానిమీద చెయ్యి వేసి ఉండిపోయింది.

"చెయ్యి తియ్యమ్మా!" అంటూనే కూతురు అలవాటులేక బటన్ నొక్కేసింది.

ఆ తర్వాత తల కూడా నలిపి, వంకరకాళ్ల కోడిపిల్లను చేసి, సినిమా పూర్తిచేసింది ఆవిడ. ఇద్దరూ కూర్చుని చూశారు. రెప్పపాటు సేపు బట్టతల మీద ముడతల చెయ్యి కనబడి మాయమైంది.

"ఆ ఒక్క ఫొటో తీసేస్తానమ్మా," అంది కూతురు.

"ముట్టుకున్నావంటే చెయ్యి విరగ్గొడతా," అంది ఆవిడ.